కాలవిద్యలో అసలు చిక్కు: ఎవరి గడియారం?

ఫాంటసీ కథలో మాంత్రికుడు చిటికేసి నిప్పు రాజేస్తే మనం ఏమీ అడగం. గాల్లోకి లేచినా అడగం. అదే మాంత్రికుడు "కాలాన్ని ఆపేస్తున్నా" అన్నాడంటే మాత్రం పాత్రలు ధరించి, పాచికలు వేస్తూ కథ నడిపే ఆట ఆడుతూ బల్ల చుట్టూ కూర్చున్న నలుగురిలో ఒకడు తప్పకుండా అందుకుంటాడు. "కాలం ఆగితే గాలి కూడా ఆగుతుంది కదా, మరి నువ్వెలా ఊపిరి తీసుకుంటావ్?" ఇంకొకడు దానికి తోడు, "వెనక్కి తిప్పే మంత్రం నీ దగ్గరుంటే పోయిన వారం మనవాడు చచ్చిపోతుంటే ఏం చేస్తున్నావ్?" అంటాడు. ఇక ఆ రాత్రికి ఆట ముగిసినట్టే. మిగిలేది వాదనే.

అలాంటి వాదనల్లో నేనూ చాలా రాత్రులు పోగొట్టుకున్నాను. చివరికి నాకు అర్థమైంది ఇది: కాలాన్ని మార్చడం అని ఒకే మాట వాడుతున్నాం గానీ, దాని కింద వేరు వేరు విద్యలు దాక్కున్నాయి. ఒకటి వేగం మార్చడం. ఇంకొకటి ఆపడం. జరిగినదాన్ని వెనక్కి తిప్పడం వేరు, గతంలోకి నడిచి వెళ్లడం వేరు. రాబోయేది ముందే చూడడం మరీ వేరు. ఒకదాని నియమం తీసుకెళ్లి ఇంకొకదానికి అంటగడతాం, అక్కడే ముడి పడుతుంది. ఆ ముడి విప్పడానికి నేను వాడే ప్రశ్న ఒక్కటే. ఇక్కడ ఎవరి గడియారం మారుతోంది, ఎవరిది మారడం లేదు?

పేరు సంగతి ముందు చూద్దాం. ఇంగ్లిష్ ఫాంటసీలో ఈ విద్యను క్రోనోమాన్సీ అంటారు. గ్రీకులో క్రోనోస్ అంటే కాలం, మాంటేయా అంటే జోస్యం. అంటే మాట ప్రకారం చూస్తే అది కాలాన్ని బట్టి మంచిచెడ్డలు చెప్పడం, మనం ముహూర్తం చూడడం అంటామే, అలాంటిది. నెక్రోమాన్సీకీ ఇదే గతి పట్టింది. మొదట్లో అది చచ్చినవాళ్లను పిలిచి జోస్యం అడగడం. కథలు దాన్ని శవాలను లేపే విద్యగా మార్చేశాయి. ముహూర్తం చెప్పేవాడు కాస్తా కాలాన్ని మెలితిప్పేవాడు అయ్యాడన్నమాట.

1974లో మొదటిసారి అచ్చయిన డంజన్స్ అండ్ డ్రాగన్స్ నేను పైన చెప్పినలాంటి ఆటే. అందులో మంత్రాలు కాలక్రమంలో ఎనిమిది శాఖలుగా స్థిరపడ్డాయి. రక్షణ, ఆవాహన, జోస్యం, వశీకరణం, శక్తిప్రయోగం, భ్రమ, మృతవిద్య, రూపాంతరం అని వాటిని మన మాటల్లో చెప్పుకోవచ్చు. కాలానికి అందులో సొంత గది లేదు. ఒక మనిషి వేగాన్ని పెంచే మంత్రం, తగ్గించే మంత్రం, చివరికి కాలాన్ని ఆపే మంత్రం కూడా రూపాంతరం కిందే ఉంటాయి. రాబోయే క్షణాన్ని ముందే పసిగట్టే మంత్రం జోస్యం కింద ఉంటుంది. తర్వాత అనుబంధ పుస్తకాల్లో కాలమాంత్రికులు వచ్చారు. 2020లో వచ్చిన ఒక పుస్తకం క్రోనర్జీ అనే పేరుతో మాంత్రికులకు ఒక సంప్రదాయాన్నే ఇచ్చింది. నాకు మాత్రం పాత సర్దుబాటే తెలివైనదనిపిస్తుంది. వేగం పెంచే మంత్రాన్ని రూపాంతరంలో పెట్టడం అంటే, ఇక్కడ మారుతున్నది కాలం కాదు, ఒక శరీరం అని ఒప్పుకున్నట్టే. ఎవరి గడియారం అన్న ప్రశ్నకు జవాబు ఆ వర్గీకరణలోనే ఉంది.

రెండు గడియారాలు

వేగం మార్చే విద్య అన్నిటికంటే తేలికైనది. ఎందుకంటే అది నిజంగానే జరుగుతుంది, మంత్రం లేకుండా. 1905లో ఐన్‌స్టైన్ చెప్పినదాని ప్రకారం వేగంగా కదిలేవాడి గడియారం నెమ్మదిగా నడుస్తుంది. 1915 నాటి సిద్ధాంతం ప్రకారం గురుత్వాకర్షణ ఎక్కువున్న చోటా అంతే. 1971లో సీజియం అణు గడియారాలను ప్రయాణికుల విమానాల్లో భూమి చుట్టూ తిప్పి చూశారు. తూర్పు వైపు తిరిగినవి నేలమీది గడియారాల కంటే సుమారు 59 నానోసెకన్లు వెనకబడ్డాయి, పడమర వైపు తిరిగినవి 273 నానోసెకన్లు ముందున్నాయి. జీపీఎస్ ఉపగ్రహాల్లోని గడియారాలు సరిచేయకుండా వదిలేస్తే రోజుకు 38 మైక్రోసెకన్లు ముందుకెళ్తాయి. వినడానికి ఎంతో చిన్న మొత్తం. కానీ ఆ 38 మైక్రోసెకన్లలో కాంతి 11 కిలోమీటర్లు వెళ్తుంది, జీపీఎస్ దూరాలు కొలిచేది కాంతి వేగంతోనే.

అంటే విశ్వానికంతటికీ ఒకే గడియారం అనేది లేదు. ప్రతి ఒక్కరూ తమ గడియారాన్ని తామే మోసుకు తిరుగుతారు. కాలమాంత్రికుడు చేసేదల్లా ఆ తేడాను చిన్న చోట, చవగ్గా పెంచడం.

మన పురాణాలు ఈ సంగతిని ఎంత సహజంగా తీసుకున్నాయో చూడండి. భాగవతం నవమ స్కంధంలో కకుద్మి అనే రాజు కూతురు రేవతిని వెంటబెట్టుకుని బ్రహ్మలోకానికి వెళ్తాడు, ఆమెకు తగిన వరుడెవరో అడగడానికి. అక్కడ గంధర్వుల పాట నడుస్తోంది. మధ్యలో మాట్లాడడం బాగుండదని ఆగుతాడు. పాట అయ్యాక అడిగితే బ్రహ్మ నవ్వి, నువ్వు మనసులో అనుకున్న వరులు కాదు గదా, వాళ్ల మనవల పేర్లు కూడా ఇప్పుడు వినబడవు, 27 చతుర్యుగాలు గడిచిపోయాయి అంటాడు.

నేనొకసారి సరదాకి ఈ లెక్క కట్టాను. చతుర్యుగం అంటే 43,20,000 ఏళ్లు. 27తో గుణిస్తే 11 కోట్ల 66 లక్షల 40 వేల ఏళ్లు. బ్రహ్మకు ఒక పగలు 1000 చతుర్యుగాలు. ఆ పగటిని మన 12 గంటలతో పోల్చితే, 27 చతుర్యుగాలు పంతొమ్మిదిన్నర నిమిషాలకు కాస్త తక్కువ. ఒక రాగం తీరిగ్గా పాడి ముగించడానికి సరిగ్గా సరిపోయే సేపు! కథకుడు లెక్క చూసుకునే రాశాడో, తోచిన సంఖ్య వేశాడో గానీ లెక్క మాత్రం నప్పింది. ఇంకో సంగతి గమనించండి. కకుద్మి వెనక్కి వెళ్లలేడు, అడగనూ అడగడు. రెండు గడియారాల తేడా ఎప్పుడూ ముందుకే తోస్తుంది. వేగం మార్చే విద్యలో తర్కానికి పొసగని చిక్కులేవీ లేకపోవడానికి కారణం అదే.

తర్కం బాగానే ఉన్నా శరీరానికి ఇబ్బంది తప్పదు. ఒకడి గడియారాన్ని రెండింతలు వేగంగా తిప్పామనుకుందాం. బయటివాళ్లకు వాడి గొంతు ఒక స్థాయి పైకి వినిపిస్తుంది, వాడికి బయటివాళ్ల మాటలు ఒక స్థాయి కిందకి. కూర్చున్న మనిషి శరీరం సుమారు 100 వాట్ల వేడి వదులుతుంది. బయటి లెక్కలో ఇప్పుడది 200. ఆకలీ రెండింతలే. ఇవన్నీ సర్దుకోవచ్చు, వెలుతురు విషయంలోనే దెబ్బ తగులుతుంది. బయటి కాంతి తరంగాలు వాడి కంటికి సగం జోరుతో వస్తాయి, అంటే తరంగదైర్ఘ్యం రెట్టింపవుతుంది. మనం చూసే 400 నుంచి 700 నానోమీటర్ల కాంతి వాడికి 800 నుంచి 1400 అవుతుంది. అదంతా పరారుణం, కంటికి ఆనదు. వాడు చూడగలిగేది అతినీలలోహిత కాంతినే. నేల దాకా వచ్చే ఎండలో అది 300 నానోమీటర్ల దగ్గర నుంచి మాత్రమే ఉంటుంది కాబట్టి, మిట్టమధ్యాహ్నం కూడా లోకం వాడికి ఎర్రటి మసకలా కనిపించాలి. ఇంట్లో దీపం కింద అయితే చీకటే. రెండింతల వేగానికే ఇంత. సినిమాల్లో వేగంగా పరిగెత్తేవాడు చుట్టూ అన్నీ తళతళలాడుతూ చూడడం నాకు అప్పటినుంచీ మింగుడుపడదు.

ఇంకో ఇబ్బంది అంచు దగ్గర వస్తుంది. నెమ్మది మంత్రాన్ని ఒక చోటు మీద వేసి, అందులోకి మోచేయి దాకా పెట్టారనుకోండి. గుండె తన వేగంతో రక్తం పంపుతుంటుంది, చేతిలో అది పదోవంతు వేగంతో కదులుతుంది. చెయ్యి దక్కదు. అందుకే జాగ్రత్తగా రాసినవాళ్లు మంత్రాన్ని చోటు మీద కాకుండా ప్రాణి మీద వేస్తారు. మనిషి మొత్తం ఒకే గడియారంలో ఉండాలి.

పాత నియమ పుస్తకాలకు దీని ఖరీదు తెలుసు. డంజన్స్ అండ్ డ్రాగన్స్ పాత సంచికల్లో వేగం మంత్రం పడిన ప్రతివాడూ ఒక ఏడాది ముసలివాడయ్యేవాడు. నాలుగు నిమిషాల కత్తియుద్ధానికి ఒక ఏడాది ఆయుష్షు! ఆటగాళ్లు ఆ మంత్రం అడగాలంటే ఆలోచించేవాళ్లు. ఇప్పటి అయిదో సంచికలో ఆ నియమం పోయింది. మంత్రం తీరగానే ఒక వంతు సేపు, అంటే ఆటలో ఒకసారి తన వరస వచ్చి పోయేదాకా, కదల్లేక కూలబడతారు, అంతే. ఆటకు ఇది సుఖం, కథకు మాత్రం పాతదే రుచి.

ఆపడం అంటే ఆపడం కాదు

బల్ల దగ్గర మొదట లేచిన ప్రశ్న నిజంగా గట్టిదే. బయటి కాలం పూర్తిగా సున్నా అయితే గాలిలోని అణువులు పక్కకు తప్పుకోవు. మాంత్రికుడు గాజులో పోతపోసిన ఈగలా ఉన్నచోటే ఇరుక్కుంటాడు. కాంతి కూడా నిలిచిపోతుంది కాబట్టి ఏమీ కనిపించదు. ముక్కు ముందున్న గాలి లోపలికి రాదు. కాలాన్ని నిజంగా ఆపినవాడికి దొరికేది ఒంటరి చీకటి, అదీ ఊపిరాడనంత సేపే.

2000లో వచ్చిన మూడో సంచిక రాసినవాళ్లు ఈ ముడిని ఒక్క వాక్యంతో తెంపేశారు. కాలం ఆగినట్టు కనిపిస్తుంది గానీ నిజానికి మాంత్రికుడే విపరీతమైన వేగం పుంజుకుంటాడు, మిగతావాళ్లు తమ మామూలు వేగంతో కదులుతూనే ఉంటారు అని. అంటే ఆపే మంత్రం వేరే జాతి కాదు. అది వేగం మంత్రమే, కొసదాకా లాగింది. లెక్క ప్రకారం గాలి, వెలుతురు చిక్కులు అలాగే ఉన్నాయి, ఇంకా పెరిగాయి కూడా. కాని ఇప్పుడవి కొలతకు లొంగే చిక్కులు. మంత్రం తన చుట్టూ కొంత గాలిని, కొంత వెలుతురును కూడా వెంట తీసుకెళ్తుంది అంటే సరిపోతుంది. సున్నాతో వచ్చే చిక్కుకు అలాంటి మందు లేదు.

అయిదో సంచికలో ఈ మంత్రానికి ఉన్న హద్దులు చూస్తే నియమకర్తల భయమంతా తెలుస్తుంది. దొరికేది 2 నుంచి 5 వంతులు, వంతుకు 6 సెకన్ల లెక్కన ఎక్కువలో ఎక్కువ 30 సెకన్లు. ఇంకొకరికి ఏదైనా చేశారో, ఇంకొకరు ధరించిన వస్తువును ముట్టుకున్నారో, మంత్రం వేసిన చోటు నుంచి 1000 అడుగులు దాటారో, అంతటితో సరి. ఆగిన శత్రువు మెడ మీద కత్తి పెట్టడం కుదరదు. చాలామంది దీన్ని ఆట సమతూకం కోసం పెట్టిన అడ్డుగోడ అంటారు. నాకు ఇందులో తర్కం కూడా కనిపిస్తుంది. రెండు గడియారాలు వేరుగా నడుస్తున్నంతసేపే ఆ తేడా నిలుస్తుంది. ఒకదాన్ని ఇంకొకటి తాకితే రెండూ ఒకే క్షణంలోకి రావాలి. తాకిడి అనేది ఇద్దరికీ ఒకే సమయంలో జరగాల్సిన పని కదా.

వెనక్కి తిప్పితే ఎవరికి గుర్తుంటుంది?

అసలు రసం ఇక్కడుంది.

కాలాన్ని పది నిమిషాలు వెనక్కి తిప్పారనుకుందాం. అన్నీ వెనక్కి వెళ్లాయి: పగిలిన కుండ, కారిన రక్తం, అస్తమించిన సూర్యుడు, మాంత్రికుడి మెదడు. అప్పుడేమైంది? ఏమీ కాలేదు. పది నిమిషాల కింద ఉన్న మాంత్రికుడికి ఏమీ గుర్తులేదు కాబట్టి అదే మాట అంటాడు, అదే తప్పు చేస్తాడు, అదే మంత్రం మళ్లీ వేస్తాడు. లోపల ఉన్నవాళ్లెవరికీ ఇది తెలిసే దారి లేదు. మీరు ఈ వాక్యం ముగించేలోపు కాలం వెయ్యిసార్లు వెనక్కి వెళ్లొచ్చి ఉండవచ్చు, మీకు తేడా తెలియదు. సంపూర్ణంగా వెనక్కి తిప్పడం, అసలు తిప్పకపోవడం రెండూ ఒకటే.

అందుకని ఈ విద్యలో బలమంతా తిప్పడంలో లేదు, తిప్పకుండా వదిలేసిన దానిలో ఉంది. ఏదో ఒకటి మినహాయింపు పొందాలి. ఏది?

జ్ఞాపకం ఒక్కటే అంటే, మాంత్రికుడి శరీరం పది నిమిషాలు చిన్నదవుతుంది, మనసు కాదు. ఇరవై ఏళ్ల కుర్రాడి మెదడులో నలభై ఏళ్ల అనుభవం పేరుకుంటూ పోతుంది. పది నిమిషాల మలుపు 144 సార్లు వాడితే ఒక రోజంతా అదనంగా బతికినట్టు. రోజుకు ఆరుసార్లే వాడే పొదుపరి కూడా ఏడాదికి 15 రోజులు అదనంగా మోస్తాడు. కాలవిద్య నేర్పే పాఠశాల నేను రాస్తే హాజరు పట్టీలో ప్రతి విద్యార్థికీ రెండు వయసులు రాయిస్తాను, పుట్టిన తేదీ ప్రకారం ఒకటి, మనసు ప్రకారం ఒకటి. రెండింటి మధ్య తేడా ఎక్కువైనవాళ్లను గురువులు గమనిస్తుండాలి. ఎదుటివాడితో వాడికి ముప్పైసార్లు అయిన సంభాషణ, ఎదుటివాడికి మొదటిది. విసుగు మొహంలో కనిపించేస్తుంది.

అలా కాక శరీరం కూడా మినహాయింపే అంటే ఇంకో తంటా. పది నిమిషాల కింద ఆ గదిలో మాంత్రికుడు ఉన్నాడు కదా, అతను కూడా లోకంలో భాగమే. లోకం వెనక్కి వెళ్తే అతనూ తిరిగి వస్తాడు. ఇప్పుడు గదిలో ఇద్దరు. కథ రాసేవాళ్లలో చాలామంది ఇక్కడ చూసీచూడనట్టు పోతారు: పాతవాడి మీద కొత్తవాడు వచ్చి కూర్చుంటాడు అంటారు. ఆ పాతవాడు ఏమయ్యాడు మరి? నెమ్మదిగా ఆలోచిస్తే అది హత్యే.

ఇక్కడే ఇంకో తేడా చెప్పాలి, ఎందుకంటే దీన్ని అందరూ కలిపేస్తారు. పగిలిన కుండను అతికించే మంత్రం కాలాన్ని తిప్పే మంత్రం కాదు. కుండ మళ్లీ కుండ అయింది, గోడ మీది గడియారం ముందుకే నడిచింది. వస్తువుకు పాత రూపం ఇచ్చారంతే. ఇందులో తర్కానికి ఢోకా లేదు. ఉష్ణగతి శాస్త్రం రెండో నియమం మాత్రం వాటా అడుగుతుంది. చెల్లాచెదురైనదాన్ని ఒకచోట క్రమంలో పెడితే, అంతకు మించిన చెదురు ఇంకెక్కడో పెరగాలి. ఆ గది కాస్త వేడెక్కాలి. గాయాన్ని వెనక్కి తిప్పి మాన్పే వైద్య మాంత్రికుడు నిజానికి చేసేది ఈ పనే. చచ్చినవాడిని ఇలా లేపితే వాడికి చివరి గంట గుర్తుండదు, ఎందుకంటే ఆ గంటలో మెదడు రాసుకున్నది కూడా చెరిగిపోయింది. హంతకుడెవరని వాడినే అడుగుదామనుకున్నవాళ్లకు ఇది చేదు వార్త.

బల్ల మీది ఆటలో నిజంగా వెనక్కి తిప్పడం నడిపించలేం. గంటసేపు ఆడిన ఆటను చెరిపి మళ్లీ ఆడదాం అంటే ఎవరికి ఓపిక? అందుకే క్రోనర్జీ సంప్రదాయం దాన్ని ఒక పాచికకు కుదించింది. 30 అడుగుల లోపు ఎవరైనా వేసిన ఇరవై ముఖాల పాచికను మళ్లీ వేయించవచ్చు, రెండోసారి పడిందే లెక్క. సుదీర్ఘ విశ్రాంతికి (ఆటలో పాత్రకు రాత్రి నిద్ర లాంటిది) రెండుసార్లే. 11 గాని అంతకు మించి గాని పడాల్సిన చోట గెలుపు సగానికి సగం. ఓడినప్పుడల్లా ఇంకోసారి వేసే వీలుంటే అది 75 శాతం అవుతుంది. కాలాన్ని వెనక్కి తిప్పడం అంటే రెండో అవకాశం, అంతకు మించి ఏమీ కాదు అని ఈ నియమం ఒప్పుకుంటోంది. చాలా నవలల కంటే నిజాయితీ ఉంది ఇందులో.

మరి ఇద్దరు కాలమాంత్రికులు ఎదురుపడితే? ఒకడికే జ్ఞాపకం నిలిస్తే పోరాటం ముందే అయిపోయినట్టు. రెండోవాడు ప్రతిసారీ అదే ఎత్తు వేస్తాడు, మొదటివాడు దానికి జవాబు నేర్చుకుంటూ పోతాడు. బయటినుంచి చూసేవాళ్లకు ఒకే ఒక్క దెబ్బలో గెలిచిన మహావీరుడు కనిపిస్తాడు. వెనక ఎన్ని చావులున్నాయో వాడికే తెలుసు. ఇద్దరికీ జ్ఞాపకం నిలిస్తే కథ వేరు. ఓడిన ప్రతివాడూ వెనక్కి తిప్పుతాడు, గెలిచినవాడూ గుర్తుపెట్టుకుని మళ్లీ కాచుకుంటాడు. ఇది దెబ్బలతో తేలే పోరాటం కాదు. ఎవడో ఒకడు విసిగి, సరే ఈ ఓటమి ఉండనీ అన్నప్పుడే తేలుతుంది. నేను నడిపిన ఒక ఆటలో ఇలాంటి ఘట్టం వచ్చింది. చివరికి ఇద్దరు ఆటగాళ్లూ కత్తులు పక్కనపెట్టి బేరానికి కూర్చున్నారు. నేను అనుకున్న యుద్ధం కంటే ఆ బేరమే ఎక్కువ టెన్షన్ పెట్టింది.

గతంలోకి నడక

వెనక్కి తిప్పినప్పుడు లోకం వెళ్తుంది, గతంలోకి నడిచినప్పుడు మనిషి వెళ్తాడు. తాతను చిన్నప్పుడే చంపితే నువ్వెలా పుట్టావు అనే పాత ప్రశ్న ఇక్కడిది. దీనికి జవాబులు మూడు రకాలుగా ఉన్నాయి. ఏ కథ చదివినా అది వీటిలో ఏ గూటిదో ముందు తేల్చుకుంటే సగం గందరగోళం పోతుంది.

గతం ఒక్కటే, మారదు అనేది ఒక జవాబు. రష్యన్ భౌతిక శాస్త్రవేత్త నొవికొవ్ పేరు మీద ఉన్న స్వీయ పొందిక సూత్రం ఇదే చెబుతుంది: గతానికి వెళ్లినవాడు చేసే ప్రతి పనీ అప్పటికే చరిత్రలో ఉన్నదే. తుపాకీ పేలదు, పేలినా గురి తప్పుతుంది, తప్పకపోతే చచ్చినవాడు అసలు తాత కాదు. రెండో జవాబు చెరిపి రాయడం. జనానికి నచ్చేది ఇదే, తర్కం ముందు నిలవనిదీ ఇదే. మారిన లోకంలో మార్చినవాడు బయల్దేరడానికి కారణమే ఉండదు. మూడోది కొమ్మలు. హ్యూ ఎవరెట్ 1957లో క్వాంటం సిద్ధాంతానికి ఇచ్చిన బహుళ లోకాల వ్యాఖ్యానాన్ని కథకులు దీనికి అండగా తెచ్చుకున్నారు. గతాన్ని ముట్టుకున్న చోట ఇంకో లోకం చీలుతుంది. ఇందులో వైరుధ్యం ఉండదు, ఓదార్పూ ఉండదు. నువ్వు వదిలి వచ్చిన లోకంలో చచ్చినవాడు చచ్చినట్టే ఉంటాడు. నువ్వు బతికించింది ఇంకొక తల్లి కొడుకును.

మారని గతంలో ఒక వింత ఉంది. ముసలి మాంత్రికుడు వచ్చి పడుచువాడైన తనకే ఒక మంత్రం పుస్తకం ఇస్తాడు. వాడు దాన్ని జీవితమంతా చదివి, ముసలివాడయ్యాక వెనక్కి వెళ్లి పడుచువాడికి ఇస్తాడు. అన్నీ పొందికగా ఉన్నాయి. మరి ఆ పుస్తకం రాసింది ఎవరు? ఎవరూ రాయలేదు. పైగా చేతులు మారిన ప్రతిసారీ అది ఇంకొంచెం నలగాలి, కాని అదే పుస్తకం కాబట్టి నలగకూడదు. అందుకే తెలివైన ముసలివాడు పుస్తకం ఇవ్వడు, కంఠస్థం చేయిస్తాడు. అయినా కర్త లేని మంత్రం మిగిలే ఉంటుంది.

చోటు సంగతి కూడా ఉంది. భూమి సూర్యుడి చుట్టూ సెకనుకు సుమారు 30 కిలోమీటర్ల వేగంతో తిరుగుతోంది. ఒక్క సెకను వెనక్కి దూకినవాడు శూన్యంలో తేలాలి కదా అని అడిగేవాళ్లున్నారు. ప్రశ్నలోనే పొరపాటుంది. విశ్వంలో కదలని చోటు అంటూ లేదు, కాబట్టి అదే చోటు అనే మాటకు దేన్ని బట్టి అన్నది చెప్పాలి. సూర్యుణ్ణి బట్టి చూస్తే భూమి కదిలింది, భూమిని బట్టి చూస్తే గది కదల్లేదు. కాలమాంత్రికుడికి ఒక లంగరు కావాలి అంతే. గదిలోని ఒక రాయో, తన పాత శరీరమో. శత్రువు ఆ రాయిని జరిపేస్తే ఏమవుతుందో కథకులు వాడుకోవచ్చు.

భౌతిక శాస్త్రం ఈ దారిని మూసేసిందా అంటే, మూసేస్తే బాగుండునని హాకింగ్ అనుకున్నారు. కాలక్రమాన్ని ప్రకృతే కాపాడుకుంటుందనే ఆయన ప్రతిపాదన 1992 నాటిది. 2009 జూన్ 28న ఆయన కాలయాత్రికుల కోసం విందు ఏర్పాటు చేసి, ఆహ్వానాలు ఆ తేదీ దాటాకే బయటపెట్టారు. ఎవరూ రాలేదు. కొమ్మల సిద్ధాంతం నమ్మేవాళ్లు దీనికి చలించరు. యాత్రికులు ఇంకో కొమ్మలో విందుకు వెళ్లి ఉంటారు.

ముందే చూడడం గురించి ఎక్కువ చెప్పక్కర్లేదు. రేపటి వార్త ఇవాళ తెలిసిందంటే వార్త గతంలోకి ప్రయాణించిందన్నమాట. మనిషి బదులు మాట వచ్చింది, పై మూడు జవాబులే దీనికీ వర్తిస్తాయి. ఆకాశవాణి విన్న కంసుడు మొదటి గూటివాడు. తప్పించుకోవడానికి వాడు చేసిన ప్రతి పనీ వాడిని అక్కడికే నడిపించింది. క్రోనర్జీలో పై మెట్టు మీద దొరికే శక్తి దీనికి తలకిందులు. పాచికలో ఏం పడాలో మాంత్రికుడే నిర్ణయిస్తాడు, అనేక భవిష్యత్తుల్లోంచి ఒకదాన్ని ఏరుకున్నట్టు. బదులుగా అలసట ఒక మెట్టు పెరుగుతుంది. ఆ అలసట సుదీర్ఘ విశ్రాంతితో తప్ప ఇంకే మంత్రంతోనూ పోదు. ఖర్చు మాంత్రికుడి ఒంట్లోంచే రావాలి, ఇంకెవరూ తీర్చలేరు. ఈ ఒక్క షరతు కోసమే నాకు ఆ నియమం ఇష్టం.

కాలవిద్య ఖరీదు గురించి అనుకున్నప్పుడల్లా నాకు రేవతి గుర్తొస్తుంది. కథ బ్రహ్మలోకంతో ముగియదు. తండ్రీకూతుళ్లు భూమికి తిరిగొస్తారు, బ్రహ్మ చెప్పినట్టే ఆమెను బలరాముడికి ఇస్తారు. కాని ఆమె పాత యుగం మనిషి, ఈ కాలపు మనుషులు బాగా పొట్టివాళ్లయిపోయారు. పెళ్లికొడుకు పక్కన ఆమె మరీ పొడవు. అప్పుడు బలరాముడు తన నాగలి కొనతో ఆమెను వంచి, ఈ కాలం ఆడవాళ్ల ఎత్తుకు తెచ్చాడని విష్ణు పురాణం చెబుతుంది. దూకిన కాలానికి మనిషిని సరిపెట్టే మంత్రం అది. ఎన్నో కాలవిద్యల జాబితాలు చూశాను గానీ, ఆ నాగలి మాత్రం నాకు ఇంకెక్కడా కనబడలేదు.